మామ తెలుగులో చెప్పిన సినిమాలు

మా మామ చాలా మంచివాడు. ఈ ముక్క ముందే చెప్పేస్తే నాకొక బరువు దిగుతుంది, లేకపోతే ఇదంతా చదివాక మీరు ఇంకేదో అనుకుంటారు. మంచివాడు, మెత్తనివాడు, ఒకరి మనసు నొప్పించలేనివాడు. అలాంటివాళ్లతో ఎన్ని తిప్పలుంటాయో వాళ్ల ఇళ్లలోని ఆడవాళ్లను అడగాలి. పోయిన వేసవిలో ఒక పొద్దున బళ్లారి నుంచి ఫోనొచ్చింది, మామ నిద్రలోనే పోయాడని. ఫోనెత్తింది నేను. అమ్మ ఆ రోజుల్లో రాజంపేటలో మా ఇంట్లోనే ఉంది, వసారాలో కూచుని చింతపండులో గింజలు తీస్తోంది. "శేఖరు మామ పోయినాడంటమ్మా" అన్నాను. అమ్మ ముందున్న చేట పక్కకు జరిపి, లేచి చేతులు కడుక్కుని వచ్చి, "కారు మాట్లాడు, పోదాం" అంది. ఏడవలేదు, ఏమైందని అడగలేదు. తోడబుట్టిన ఒక్కగానొక్క తమ్ముడు. అతని గడప తొక్కి ఎన్నేళ్లయిందో ఆమెకూ తెలుసు, నాకూ తెలుసు. దారిపొడవునా ఆమె కిటికీలోంచి బయటికి చూస్తూనే ఉంది. నా మనసు మాత్రం కోయిలకుంట్లలో మా ముందరింట్లో, టీవీ ముందు పరిచిన చాప మీద కూచుని కదలనంది.

కోయిలకుంట్లలో మాది శనగ పండించే ఇల్లు. నల్లరేగడి భూములు. వాన పడితే మోకాటిదాకా దిగబడతాం, పడకపోతే పాదం పట్టేంత నెర్రెలు. ఇంటికి ముందు వరండా, వరండా దాటితే ముందరిల్లు. టీవీ, మంచాలు, దేవుడి పటాలు, శ్రీశైలం పోయినప్పుడల్లా తెచ్చిన విభూతి పొట్లాలు, అన్నీ అందులోనే. దాని వెనకే వంటిల్లు. మధ్యలో గోడ ఉందిగానీ తలుపు లేదు, వంటింట్లో మూత పడితే ముందరింట్లో ఉలిక్కిపడేవాళ్లం. వేపాకు కలిపి నిలవపెట్టిన శనగల వాసన, పెనం మీద కాలే జొన్నరొట్టె వాసన, మా జేజి నమిలే ఆకువక్క వాసన ఆ ఇంటికి ఎప్పుడూ ఉండేవి. జేజి అంటే మా నాయన తల్లి, ఇంటికి ఆమే పెద్ద దిక్కు. నాయన తండ్రిని అబ్బ అని పిలిచేవాళ్లం. ఆ ఏళ్లలో వానలు మమ్మల్ని బొత్తిగా మరిచిపోయాయి. అబ్బ పొద్దున లేస్తూనే వరండాలో నిలబడి నుదుటి మీద చెయ్యి అడ్డం పెట్టుకుని పడమర వైపు చూసేవాడు. "ఏమప్పా, ఏమన్నా కనపడతాందా?" అని ఎదురింటాయన అడిగితే, "కనపడతాంది, నా కర్మ కనపడతాంది" అని లోపలికి వచ్చి గమ్మున కూచునేవాడు. ఆయన మాట్లాడని రోజున ఇంట్లో ఎవరూ గట్టిగా మాట్లాడేవాళ్లు కారు.

అమ్మ పుట్టి పెరిగింది బళ్లారిలో. వాళ్లింట్లో తెలుగే, కానీ బడి, బజారు, తోటి పిల్లలు అంతా కన్నడం. కొత్తకోడలిగా వచ్చినప్పుడు ఆమె తన తమ్ముడితో వరండాలో కన్నడంలో మాట్లాడుతుంటే జేజి విన్నదట. "మాకు తెలీని భాషలో మా ఇంట్లో కూచోని ఏం గుసగుసలమ్మా? ఈడ ఉన్నన్నాళ్లూ మా మాటే మాట్లాడు" అన్నదట. అంతే, అమ్మ ఆ భాషను వదిలేసింది. జేజి అన్న మాటలో కోపం కూడా పెద్దగా లేదని చాలా ఏళ్ల తర్వాత నాయన చెప్పాడు. అమ్మ తత్వమే అంత. ఒకసారి వద్దంటే ఆ వైపు తిరిగి చూసేది కాదు. నేను పుట్టాక ఆమె నోట ఒక్క కన్నడ మాట వినలేదు. మాకందరికీ ఆమె కోయిలకుంట్ల రత్నమ్మే. ఆమెకు ఇంకొక భాష వచ్చునన్న సంగతి, ఎవరూ దాచకపోయినా, ఇంట్లోవాళ్లందరి మనసులోంచీ జారిపోయింది.

శేఖరు మామ అమ్మకంటే శానా చిన్నవాడు. బళ్లారిలో ఒక బట్టల అంగట్లో పని. మా వైపు అక్క కూతురి మీద తమ్ముడికే మొదటి హక్కు. నేను పుట్టిన పురుటింట్లోనే "ఇది శేఖరు పెండ్లాం" అని మా అవ్వ, అంటే అమ్మ తల్లి, అనేసిందట. నేను పెద్దమనిషినైనప్పుడు చీర తెచ్చి పెట్టింది మామే. ఆయన బస్సు దిగి వీధి మలుపు తిరగడం చూస్తే చాలు, మా సుభద్రత్త, నాయన అక్క, పక్క వీధిలోనే ఉండేది, పరిగెత్తుకుంటూ వచ్చి "మే సుజాతా, నీ మొగుడొచ్చినాడు, తలన్నా దువ్వుకోపో" అని అరిచేది. నేను కాలేజీకి రోజూ నంద్యాల పోయొచ్చేదాన్ని. దగ్గరి సంబంధాలు మంచివి కావని క్లాసులో లెక్చరర్లు చెప్పేవాళ్లు. ఆ పాఠం విని, పరీక్షలో రాసి, మార్కులు తెచ్చుకుని, ఇంటికొచ్చి తల దువ్వుకునేదాన్ని.

మామ వచ్చినప్పుడల్లా సంచీలో సీడీలు తెచ్చేవాడు. సీడీ ప్లేయరు కూడా ఆయన కొనిచ్చిందే. అన్నీ పాత కన్నడ సినిమాలు. కొన్ని నలుపు తెలుపువి, కొన్ని రంగు వెలిసి అన్ని మొహాలూ కుంకుమ రంగులోకి తిరిగినవి. మాకు సినిమా అంటే ఫ్యాక్షను, బాంబులు, గాల్లోకి లేచే సుమోలు. మా సీమనే సినిమా తీసి మాకే చూపించి ఈలలు వేయించుకుంటున్న రోజులవి. ఈ సినిమాల్లో ఎవరూ ఎవర్నీ కొట్టరు. కొండల మధ్య పెంకుటిల్లు, వాకిట్లో తడిసిన పూలమొక్క, గొడుగు పట్టుకుని వచ్చే ఒక బడిపంతులు, అతనికోసం కిటికీ పక్కన నిలబడే అమ్మాయి. ఇద్దరికీ ఒకరంటే ఒకరికి ఇష్టం. చెప్పుకోరు. చూపులతోనే సగం సినిమా అయిపోతుంది. మిగతా సగం పాటలు. "ఇవి ఊరికే పాటలు గాదు సుజీ, కవులు రాసుకున్న పద్యాలు" అనేవాడు మామ. ఆ మాట అనేటప్పుడు గొంతు తగ్గించేవాడు, గుళ్లో మాట్లాడినట్టు.

అబ్బకు ప్రేమలూ గీమలూ పట్టవు. ఆయన చూసేది వాన. తెర మీద వాన మొదలైతే మంచం అంచుకు జరిగి కూచునేవాడు. "ఎంత వానప్పా! యాడుండాది శేఖరా ఆ ఊరు?" "మలెనాడు అబ్బా. శివమొగ్గ అవతల." "ఆడ ఎకరా ఎంత పలుకుతాది?" కథానాయిక గుండె పగిలి ఏడుస్తుంటుంది, మా అబ్బ ఎకరా ధర అడుగుతుంటాడు. వాన ఆగిపోగానే లేచి బయటికి వెళ్లిపోయేవాడు, మళ్లీ వానొస్తే పిలవమని చెప్పి. జేజి, అత్త, నేను, ఇరుగు పొరుగు ఆడవాళ్లు చాప మీద. నాయన ఒక కన్ను టీవీ మీద, ఒక కన్ను పేపరు మీద. అమ్మ మాత్రం ఏనాడూ వచ్చి కూచోలేదు. గోడకవతల శనగలు వేయిస్తూనో, సంగటి ముద్దకు నీళ్లు మరగబెడుతూనో ఉండేది.

కన్నడం ఎవరికీ రాదు కాబట్టి మామ పక్కన కూచుని ఒక్కొక్క మాటా తెలుగులో చెప్పేవాడు. తెర మీద అతను అమ్మాయి వైపు తిరిగి ఏదో అంటాడు. మామ ఒక్క క్షణం ఆగి, ఎవరి వైపూ చూడకుండా, "నువ్వు పలకరించకుండా పోయిన రోజు నాకు తెల్లారనట్టే ఉంటాది, అంటాండాడు" అని చెబుతాడు. జేజి నా వైపు చూస్తుంది. అత్త నా తొడ మీద గిల్లుతుంది. నేను తల వంచుకుని చాప పుల్లలు పీకుతాను. ఊరూ వాడా చూస్తుండగా, మా పెద్దవాళ్ల మధ్యనే కూచుని ఒక మగవాడు నాతో ప్రేమ మాటలన్నీ మాట్లాడేస్తున్నట్టుండేది, ఎవరూ తప్పు పట్టలేనట్టుగా. ఇంకేం కావాలి ఆ వయసుకి? మామ మొహం బాగుండేది, గొంతు ఇంకా బాగుండేది. నేను ప్రేమించింది మామనా, ఆ మాటలనా, ఎన్నడూ చూడని ఆ వాననా అని ఇప్పటికీ అనుకుంటాను. అప్పుడు మాత్రం ఆ తేడా ఏమీ లేదు. మామ కోసం చచ్చిపోయేంత ఇష్టంగా ఉండేది. పైకి చెప్పలేదు, ఆ సినిమాల్లో అమ్మాయిలు కూడా చెప్పరు కదా.

చెప్పకుండా ఇంకొక పని చేశాను. కన్నడం నేర్చుకున్నాను. కన్నడ అక్షరాలు మన అక్షరాలకు అక్కచెల్లెళ్లే, తలకట్టు దగ్గర కాస్త తేడా, అంతే. సీడీ అట్ట మీద పేర్లు కూడబలుక్కుని చదవడంతో మొదలైంది. మామ సీడీలు మా ఇంట్లోనే వదిలేసి పోయేవాడు. కాలేజీ లేని రోజుల్లో, కరెంటు ఉన్నంతసేపు, చూసిన సినిమానే మళ్లీ మళ్లీ పెట్టుకునేదాన్ని. మామ చెప్పిన తెలుగు నాకు కంఠతా వచ్చు కాబట్టి ఏ మాటకు ఏది అర్థమో పట్టుకోవడం కష్టం కాలేదు. నంద్యాల బస్టాండులో కన్నడం నేర్పే చిన్న పుస్తకం కూడా ఒకటి దొరికింది. పెళ్లయి బళ్లారి పోయిన మొదటి రోజు గడపలో నిలబడి కన్నడంలో మాట్లాడి మామను అదరగొట్టాలని నా ఆశ. జేజి వీధరుగు మీద, అబ్బ పొలంలో, నాయన ఎక్కడో పనిలో. వంటింట్లో అమ్మ మాత్రం ఉండేది. నేను నేర్చుకున్న ప్రతి మాటా ఆ గోడ వెనక ఆమెకు వినబడుతూనే ఉండి ఉంటుంది. ఒక్కసారి కూడా వచ్చి అడగలేదు.

చదువు అయిపోవస్తుండగా తాంబూలాలకు వచ్చే నెల అని అనుకున్నారు. ఆ మాటలు అనుకోవడానికని మామను పిలిపించారు. మామ వచ్చాడు. ఈసారి సంచీలో ఒక్క సినిమానే ఉంది. చిక్కిపోయాడు. "పెండ్లి కళ వచ్చినాది" అంది అత్త. మధ్యాహ్నం భోజనాలయ్యాక అందరం చాప మీద చేరాం. అమ్మ వంటింట్లో శనగలు వేయిస్తోంది, మామకిచ్చి పంపడానికి. ఆ సినిమాలో అతనికి మేనమామ కూతురితో పెళ్లి కుదిరి ఉంటుంది. కానీ అతని మనసు వేరే ఊళ్లో ఉన్న ఇంకొక అమ్మాయి దగ్గర. నది ఒడ్డున మరదలు, అతను. ఆమె నవ్వుతూ పెళ్లి చీర రంగు అడుగుతుంది. అతను చాలాసేపు నీళ్లలోకి చూసి అంటాడు, నిన్ను చేసుకుంటే నిన్ను మోసం చేసినవాణ్ణవుతాను, నా మనసు నా దగ్గర లేదు, పెద్దవాళ్లకు చెప్పే ధైర్యం చాలడం లేదు, కనీసం నీకు చెప్పుకోనీ అని. ఆ మాటలు నాకు నేరుగా అర్థమయ్యాయి, ఎవరూ చెప్పకుండానే. నాకెంత సంతోషమైందంటే, మొదట ఆ మాటల్లో ఏముందో పట్టించుకోలేదు, అర్థమైందన్నదే చూసుకుని మురిసిపోయాను. మామ తెలుగు కోసం ఆయన వైపు తిరిగాను. మామ నోరు తెరిచాడు. మాట రాలేదు.

"ఏమన్నాడ్రా?" అంది జేజి.

"ఇల్లు... ఇల్లు కట్టినాక పెండ్లి చేసుకుందాం అంటాండాడు జేజీ."

"ఇల్లెందుకంట ఇప్పుడు? ఉండే కొంపలో చోటు ల్యాదా? అయినా ఇల్లు కడతానంటే ఆ పిల్ల ఎందుకట్ల ఏడుస్తాంది?"

"సంతోషంతో" అన్నాడు మామ.

చాప మీద అందరూ నవ్వారు. నేను నవ్వలేదు. అన్ని సినిమాల్లో ఏ ఒక్క మాటా మార్చని మనిషి, ఈ ఒక్క మాటనే ఎందుకు మార్చాడు? చిక్కిన మొహం, సంచీలో ఒకే సినిమా, అన్నీ కలిపి చూసుకుంటే అప్పుడర్థమైంది. ఆయన ఆ సినిమా తెచ్చింది మాకు చెప్పుకోవడానికే. సినిమా చేత చెప్పించి తను పక్కన కూచుందామనుకున్నాడు. తీరా ఆ మాట దగ్గరికొచ్చేసరికి అదీ చేత కాలేదు. మొదటి సీడీ అయిపోయింది. రెండోది పెట్టడానికి మామ లేస్తుంటే, అందరి ముందరా, నా జీవితంలో మొదటిసారి ఒక మనిషితో కన్నడంలో మాట్లాడాను. "మామా, అవను హాగె హేళలిల్ల" అన్నాను. అతను అలా అనలేదు అని.

ఇల్లెగిరిపోయేలా నవ్వులు. "ఓయమ్మో! కన్నడం నేర్చినాది సూడే! మొగునితో మాట్లాడేకి!" అని అత్త చప్పట్లు కొట్టింది. జేజి కళ్లలో నీళ్లొచ్చాయి సంతోషంతో. ఒకప్పుడు కోడలి నోట వద్దన్న భాషే మనవరాలి నోట ముద్దొచ్చింది ఆమెకు. మామ మొహం మాత్రం తెల్లగా పాలిపోయింది. నేను ఆగలేదు. సినిమాల్లో అమ్మాయిలు మాట్లాడేంత మర్యాదగా, "నిమగె బేరె యారాదరూ ఇద్దారా?" అని అడిగాను. మీకు వేరే ఎవరైనా ఉన్నారా అని. మామ చేతిలో సీడీ పట్టుకుని నా వైపు చూశాడు. "హౌదు" అన్నాడు. అవును అని.

"ఏమంటాండారే? మాగ్గూడా చెప్పండి!" అని అత్త నా భుజం పట్టుకుని ఊపింది. అందరూ నా నోటి వైపే చూస్తున్నారు. ఎక్కడినుంచి వచ్చిందో ఆ తెగింపు నాకు తెలియదు. "పెండ్లి చేసుకునేకి ఇష్టమేనా అని అడిగితి. అవునన్నాడు" అన్నాను. మళ్లీ నవ్వులు. అత్త నా బుగ్గలు పుణికి మెటికలు విరిచింది. వంటింట్లోంచి మాడు వాసన వచ్చింది. "రత్నమ్మా, శనగలు మాడుతాండాయి సూడు!" అని జేజి కేకేసింది. అమ్మ చేతిలో శనగలు మాడటం మా ఇంట్లో ఎప్పుడూ లేదు. ఆ సంతోషంలో ఎవరూ పట్టించుకోలేదు, నేను కూడా.

సాయంత్రం పెరట్లో గడ్డివామి దగ్గర మామ నా కోసం నిలబడ్డాడు. బళ్లారి పెద్దాసుపత్రిలో నర్సు, గిరిజ అని చెప్పాడు. వేరే కులం, కన్నడం పిల్ల. అవ్వకు తెలిస్తే విషం తాగుతుందని భయం, అక్కకు ఎలా చెప్పాలో తెలియక నిద్ర పట్టడం లేదని. "నువ్వు వద్దను సుజీ. నువ్వు వద్దంటే ఎవరూ ఏమీ అనరు. చదువుకున్న పిల్ల, ఇష్టం ల్యాదనింది అనుకుంటారు" అన్నాడు. నాకు ఎక్కడలేని కోపం వచ్చింది. "బాగుండాది మామా. ప్రేమించేది నువ్వు, వద్దనేది నేనా? నాకేం ఖర్మ? నీకు నోరు ల్యాదా? నాకు నువ్వు కావల్ల. నేను వద్దనను" అన్నాను. ఆయన కంటనీరు పెట్టుకున్నాడు. "అట్లయితే చేసుకుంటా. మాటిచ్చినాం గదా. నిన్ను బాగనే చూసుకుంటా" అన్నాడు. అంత దీనంగా ఇచ్చిన ఆ మాటకు కూడా నా మనసు ఎగిరి గంతేసింది. పెళ్లయితే అన్నీ సర్దుకుంటాయి, ఒకనాటికి నా వైపే తిరుగుతాడు, అనుకున్నాను. సినిమాల్లో చివరికి అలా తిరిగినవాళ్లు ఒకరిద్దరున్నారు. నేను వాళ్లను మాత్రమే గుర్తుపెట్టుకున్నాను.

తెల్లారి అందరూ వరండాలో కూచుని తాంబూలాలకు ఎవరెవర్ని పిలవాలో అనుకుంటున్నారు. అమ్మ టీ గ్లాసులు తెచ్చి అందరికీ ఇచ్చింది. ఇచ్చి లోపలికి పోకుండా అక్కడే నిలబడింది. "ఈ పెండ్లి వద్దు" అంది.

జేజికి వినబడలేదేమో అనుకుని మళ్లీ అంది. "నా బిడ్డను శేఖరునికి ఈను. రక్తసంబంధం. పిల్లలు మంచిగ పుట్టరంటాండారు. నాకు ఇష్టం ల్యాదు."

"ఏందే ఇది, పొద్దుపొద్దున్నే? నిన్నటిదాంక ల్యాని రక్తసంబంధం ఈ పొద్దెక్కడిది?" అన్నాడు నాయన. "సొంత తమ్ముడే! కండ్ల ఎదుట పెరిగినోడు!" అని జేజి గుండెలు బాదుకుంది. అమ్మ ఎవరి వైపూ తిరగలేదు. ఆమె చూపు మామ మీదే ఉంది. అంతసేపూ మామ టీ గ్లాసు రెండు చేతులతో పట్టుకుని నేల చూస్తున్నాడు. ఒక్క మాట. "అక్కది తప్పు ల్యాదు" అని ఒక్క మాట అంటే చాలు. అనలేదు. టీ తాగి, గ్లాసు కింద పెట్టి, సంచీ తీసుకుని బస్సుకు వెళ్లిపోయాడు.

ఆ తర్వాత జరిగిందంతా అమ్మ నెత్తిన పడింది. బళ్లారి నుంచి అవ్వ వచ్చి మా వాకిట్లో నిలబడి మట్టెత్తి పోసింది. "తమ్ముని నోటికాడ కూడు లాక్కుంటివి. నువ్వు నా కడుపున పుట్టలేదు. నేను సచ్చినా నా మొగం సూసేకి రావద్దు" అని శాపం పెట్టి, మంచినీళ్లు కూడా ముట్టకుండా పోయింది. కొన్నాళ్లకు మామ గిరిజను చేసుకున్నాడు. వేరే కులమైనా ఎవరూ పెద్దగా అడ్డు చెప్పలేదు. "పాపం, సొంత అక్క కాదనింది, వానికేమో మనసిరిగిపాయ, ఏం చేస్తాడు" అని అందరూ ఆయన మీదే జాలిపడ్డారు. అవ్వ కూడా ఆ జాలితోనే గిరిజను ఇంట్లోకి రానిచ్చింది. ఇక నేను అమ్మతో ఎన్నాళ్లు మాట్లాడలేదో నాకే తెలియదు. నా పెళ్లి చెడగొట్టిన మనిషి ఆమె. మామకు ఇంకొకరు ఉన్న సంగతి బయటపెడితే అమ్మకు ఆ చెడ్డపేరు తప్పేది. పెట్టలేదు. నన్ను కాదనుకున్నాడని చెప్పుకోవడం కంటే మా అమ్మ చెడగొట్టిందని చెప్పుకోవడమే నాకు గౌరవంగా అనిపించింది. అవ్వ పోయినప్పుడు మాకు కబురు కూడా రాలేదు. దినాలయ్యాక ఎవరో బస్సులో చెబితే తెలిసింది. ఆ రోజు అమ్మ తలకు పోసుకుని, తడిజుట్టుతోనే పొయ్యి ముందు కూచుని వంట చేసింది.

నాకు తర్వాత రాజంపేట సంబంధం కుదిరింది. మావారు మంచి మనిషి, గట్టి మనిషి, నచ్చకపోతే నచ్చలేదని మొహం మీదే చెప్పేస్తాడు. దాని విలువ నాకు తెలిసినంతగా ఎవరికీ తెలియదు. ఆ పాత సినిమాలన్నీ ఇప్పుడు ఫోనులోనే దొరుకుతున్నాయి. కింద ఏ భాషలో కావాలంటే ఆ భాషలో అక్షరాలు పడతాయి. పక్కన కూచుని చెప్పేవాళ్లతో పని లేదు, మధ్యలో మాట మార్చేవాళ్లూ ఉండరు. మా అమ్మాయి చెవుల్లో తీగలు పెట్టుకుని తన గదిలో తనొక్కతే ఏ దేశం సినిమానో చూస్తుంది. మంచిదే అనుకుంటాను. ఒకరి చేతిలో మన చెవులు పెట్టడం ఎంత ప్రమాదమో నేను చూశాను. కానీ ఆ నది ఒడ్డు సినిమా ఒకసారి ఫోనులో పెట్టుకుంటే సగం కూడా చూడలేకపోయాను. మాటలన్నీ సరిగ్గానే ఉన్నాయి, ఆ గొంతు లేదు. ఆపేశాను. ఆ చాప మీద కూచున్న ఆ పిల్లను తలుచుకుంటే నాకు జాలి కలగదు, భయం వేస్తుంది. ఎంత తెలిసీ, ఎంత ఇష్టంగా వెళ్లి ఆ గోతిలో దూకబోయింది!

బళ్లారి చేరేసరికి పొద్దు పడమటికి వాలింది. మాతోపాటు సుభద్రత్త కూడా కారులో వచ్చింది, దారిలో కోయిలకుంట్ల మీదుగా పోయి ఎక్కించుకున్నాం. వాకిట్లో షామియానా కింద మామను పడుకోబెట్టారు. తల దగ్గర గిరిజ. నేను ఆమెను దగ్గరగా చూడటం అదే మొదలు. నెరిసిన జుట్టు, ఏడ్చి ఏడ్చి ఉబ్బిన కళ్లు. అమ్మ ఎవరినీ పలకరించకుండా పోయి మామ పక్కన కింద కూచుంది. పడిపోతుందేమోనని నేను ఆమె భుజం పట్టుకుని కూచున్నాను. అమ్మ వంగి, మామ చెవి దగ్గర నోరు పెట్టి, కన్నడంలో మాట్లాడటం మొదలుపెట్టింది.

నేను నేర్చుకున్న సినిమా కన్నడం కాదది. బళ్లారి బజారు కన్నడం, సగం తెలుగు కలిసిన గరుకు మాట, చిన్నప్పుడు ఇద్దరూ వీధిలో కొట్లాడుకున్న భాష అయ్యుంటుంది. గొంతు బాగా తగ్గించింది. పక్కనే ఉన్న నాకు తప్ప ఎవరికీ వినబడదు. "ఏంరా శేఖరా, అక్కకు కన్నడం వస్తుందని నీకన్నా గుర్తుండొద్దా? నువ్వు అవును అనింది విన్నాను. ఈ మొద్దుది అబద్ధం చెప్పిందీ విన్నాను. తెలిసి తెలిసి నీ ఇంటికొచ్చి జీవితమంతా ఏడుస్తుందని నేనే చెడ్డదాన్నయ్యాను. కానీలే, ఆ పేరు నాకేం బరువు కాదు. మన అమ్మకు ఒక్క మాట చెప్పుంటే నీ సొమ్మేం పోయేదిరా? పోయేముందు ఆమె మొహమన్నా చూసుకుని ఉందును." అంత వరకూ చెప్పి, మామ చెంప మీద చెయ్యి పెట్టి, అప్పుడు ఏడ్చింది.

అన్నేళ్లు నేను అమ్మ మీద మోసిన కోపమంతా ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. వెనక నుంచి సుభద్రత్త గొంతు వినిపించింది, పక్కనెవరితోనో అంటోంది. "ఇన్నేండ్లకు తమ్ముని చెవిలో తప్పు ఒప్పుకుంటాంది సూడు. బతికుండగా అడిగింటే ఎంత బాగుండు." నేను గిర్రున వెనక్కి తిరిగాను. నోరు తెరవబోతుంటే అమ్మ నా మణికట్టు గట్టిగా పట్టుకుంది. "ఊరికే ఉండు. ఆ పిల్ల ఈడనే ఉండాది" అంది నెమ్మదిగా, గిరిజ వైపు చూస్తూ. నేను ఊరుకున్నాను. అమ్మ కొంగుతో మొహం తుడుచుకుని లేచి, గిరిజ పక్కకు పోయి కూచుని, ఆమె తల తన భుజానికి ఆనించుకుంది. "పొద్దుట్నించీ ఏమన్నా తిన్నావా తల్లీ? కాస్త కాఫీ అన్నా తాగు" అని అడిగింది, కన్నడంలోనే, అందరికీ వినబడేలా.

అత్త నా పక్కకు జరిగి వచ్చింది. "మే సుజాతా, మీ అమ్మకు కన్నడం ఎప్పుడొచ్చినాది?"

"ఆమె పుట్టింది ఈ ఊళ్లోనే గదత్తా. మొదట్నించీ వచ్చు" అన్నాను.

"మన ఇంట్లో ఆ సినిమా సూసిన పొద్దు గూడానా?"

"అప్పుడు గూడా."

అత్త అమ్మ వైపు తిరిగి చూసింది. చెప్పులు విడిచి, మెల్లగా నడుచుకుంటూ పోయి అమ్మ పక్కన నేల మీద కూచుంది.